పొలిమేర దోషం

1514 వేసవి. ఉదయగిరి కొండ మీద రాయి అరచెయ్యి ఆనించలేనంతగా కాలుతోంది. పైన కోటలో కటకం గజపతుల జెండా, కింద కనుచూపు మేర రాయల గుడారాలు. ముట్టడి మొదలై ఏడాది దాటింది. లోపలికి గింజ పోనివ్వడం లేదు. లోపలివాళ్లు తలుపు తీయడం లేదు. మూడు వేల అడుగుల ఎత్తున్న ఆ కొండ ఎక్కడానికి ఉన్నవి ఇరుకు దారులు. పైనుంచి నలుగురు బండలు దొర్లిస్తే కింద నాలుగొందల మంది ఆగిపోవాల్సిందే. అందుకే కృష్ణదేవరాయలు రాతిపనివాళ్లను రప్పించాడు. కొండను తొలిచి కొత్త దారులు వేయమన్నాడు.

ఒక బండ దగ్గర మామా అల్లుళ్లిద్దరు పనిలో ఉన్నారు. వడ్డెవాళ్లు. మామ ఉలి పట్టుకుంటే అల్లుడు సమ్మెట వేస్తున్నాడు.

"మావా, ఈ దారి అయిపోతే కోట మనదేనా?"

"మనదెట్టయిద్దిరా? రాయలోరిది అయిద్ది."

"మరి ఇప్పుడు?"

"గజపతులోరిది. అంతకుముందు మళ్లీ ఈ రాజ్జెపోళ్లదే. మా తాత ఈ కొండ మీద బురుజుకు రాళ్లు మోశాడంట. ఏ రాజుకు మోశాడో మా అబ్బను అడిగితే చెప్పలేకపోయాడు. చెయ్యి జాగర్త, సమ్మెట సరిగ్గా ఎయ్యి."

ఈ ఇద్దరూ నా ఊహలోంచి వచ్చినవాళ్లు. చరిత్ర వాళ్ల పేర్లు రాయలేదు కాబట్టి నేనూ పెట్టలేదు. కొండను తొలిచి దారులు వేసిన మాట మాత్రం నిజం. ఆ తర్వాత ఇరవై ఏళ్లకు విజయనగరంలో ఉన్న పోర్చుగీసు గుర్రాల వర్తకుడు ఫెర్నావో న్యూనిజ్ ఆ సంగతి రాసిపెట్టాడు. కోటలో 10,000 మంది కాల్బలం, 400 గుర్రాలు ఉన్నాయనీ, రాయలు 34,000 మంది కాల్బలంతో, 800 ఏనుగులతో వచ్చాడనీ, ఏడాదిన్నర కూర్చున్నాడనీ లెక్క చెప్పింది కూడా ఆయనే.

అంత బలగం ఎందుకు దిగింది? ఉదయగిరిలో బంగారు గనులేమీ లేవు. ఆ కోట చేతిలో ఉంటే దాని చుట్టూ ఉన్న నేల చేతిలో ఉంటుంది. హనుమంతునిపాడు, కనిగిరి, కంభం, మార్కాపురం, గిద్దలూరు, అటు అద్దంకి దాకా. ఇప్పుడు అందరూ కరువు సీమ అని పేరు పెట్టిన ఈ నేల కోసం ఏడు వందల ఏళ్లు రాజులు కొట్టుకున్నారంటే మా పిల్లలు నమ్మరు. వాళ్లకు చెప్పాలనే ఈ కథ రాస్తున్నాను.

* * *

ముందు ఈ నేల పోకడ తెలియాలి. పడమట నల్లమల. దానికి తూర్పున, ఇంచుమించు సమాంతరంగా వెలిగొండలు. నల్లమలలో గుండ్ల బ్రహ్మేశ్వరం దగ్గర గుండ్లకమ్మ పుడుతుంది. అడవిలోనే జంపలేరును, ఎనుమలేరును కలుపుకుని, కంభం దగ్గర రెండు కొండల సందులోంచి మైదానంలోకి దిగుతుంది. అక్కడినుంచి మార్కాపురం సీమ మీదుగా ఈశాన్యానికి తిరిగి, అద్దంకిని పలకరించి, ఒంగోలు వైపు సముద్రంలో కలుస్తుంది. ఉత్తరాన కృష్ణ, దక్షిణాన పెన్న. రెండు మహానదుల నడుమ ఇదొక చిన్న నది, వానాకాలపు నది. కానీ పడమటి పీఠభూమి నుంచి తూర్పు తీరానికి దిగే దారులు ఈ లోయలోంచే పోతాయి. శ్రీశైలం యాత్రకు పోయేవాళ్లకు కూడా ఇదే దారి. ఉత్తరాన ఉన్న రాజుకు ఇది దక్షిణపు వాకిలి, దక్షిణాన ఉన్న రాజుకు ఉత్తరపు వాకిలి. ఇరువైపులా వాకిలే అయిన చోట ఎవరు కుదురుగా కాపురం చేస్తారు?

తొలి దెబ్బ 9వ శతాబ్దంలో కనిపిస్తుంది. వేంగిలో చాళుక్య గుణగ విజయాదిత్యుడు కొత్తగా పట్టమెక్కాడు. అది 848 ప్రాంతం. ఆయన సేనాని పండరంగడు దక్షిణానికి కదిలాడు. ఇక్కడి నేల అప్పుడు బోయలది. వాళ్లకు పన్నెండు కొట్టాలు, అంటే పన్నెండు సీమలు, ఉండేవి. పండరంగడు ఆ పన్నెండింటినీ పట్టుకున్నాడు. కట్టెపు దుర్గాన్ని నేలమట్టం చేశాడు. కందుకూరును బెజవాడంత గొప్పగా నిలబెట్టాడు. ఆదిత్య భట్టారకుడి గుడికి భూమి ఇచ్చి, ఈ సంగతులన్నీ అద్దంకిలో ఒక రాతి మీద చెక్కించాడు. తరువోజ పద్యంలో చెక్కించాడు.

అప్పటికి నన్నయ పద్యం రాయడానికి ఇంకా సుమారు రెండు వందల ఏళ్లుంది. తెలుగు పద్యానికి దొరికిన తొలి ఆధారాల్లో ఇది ఒకటని చదువుకున్నవాళ్లంతా చెబుతారు. ఆ పద్యం చెప్పింది గుండ్లకమ్మ లోయ కోసం జరిగిన యుద్ధం గురించేనని మాత్రం ఎవరూ నొక్కి చెప్పరు. గెలిచినవాడి మాట రాతి మీద పద్యమై నిలిచింది. కాలిపోయిన కొట్టంలో, దడి పక్కన నిలబడి కొండ దారి చూసుకున్న బోయ తల్లి మాట ఏ రాతి మీదా లేదు. పండరంగడి పద్యాన్ని చూసి గర్వపడేవాళ్లలో నేనూ ఒకణ్ని. గర్వంతో పాటు ఆ తల్లిని కూడా తలుచుకోవాలని నాకు అనిపిస్తుంది.

తర్వాతి నాలుగైదు వందల ఏళ్లు త్వరగా దాటిపోతాను. చాళుక్యులు, చోళులకు సామంతులైన తెలుగు చోడులు, కాకతీయులు వరసగా వచ్చారు. 1323లో ఓరుగల్లు కూలింది. రెండేళ్లకే, 1325లో, ప్రోలయ వేమారెడ్డి అద్దంకిలో రాజ్యం పెట్టాడు. ఈ లోయకు సొంత సింహాసనం దొరికిన కొద్ది కాలం అదే. ఆయన శ్రీశైలానికి, అహోబిలానికి మెట్లు కట్టించాడు. కందుకూరు సీమ గుడ్లూరు మనిషి ఎర్రాప్రగడ ఆయన కొలువులోనే ఉన్నాడు. కానీ ఆయన కొడుకు అనవోతారెడ్డి రాజధానిని కొండవీటికి మార్చాడు. అద్దంకి మళ్లీ అంచున పడింది. ఆ పాటికే దక్షిణాన విజయనగరం లేచింది. ఉదయగిరి ఆ రాజ్యానికి తూర్పు కాపలా అయింది.

* * *

ఇక్కడ కాస్త ఆగాలి. నా దృష్టిలో ఈ కథకు గుండెకాయ లాంటి రాయి ఒకటి పోరుమామిళ్లలో ఉంది. గిద్దలూరుకు దక్షిణంగా, కడప జిల్లాలో. శక సంవత్సరం 1291, అంటే 1369. బుక్కరాయల కొడుకు భాస్కరుడు, భవదూరుడని మరో పేరు, ఉదయగిరి నుంచి ఈ సీమను ఏలుతున్నాడు. పోరుమామిళ్లలో ఒక పెద్ద చెరువు తవ్వించాడు. అనంతరాజ సాగరమని పేరు పెట్టాడు. రోజుకు వెయ్యి మంది కూలీలు, రాళ్లు తోలడానికి వంద బండ్లు, రెండేళ్ల పని. దానం గొప్ప చెప్పుకోవడానికి శాసనం వేయడం అందరూ చేసేదే. ఈయన శాసనంలో అంతకు మించినది ఉంది. చెరువు ఎలా కట్టాలో సంస్కృతంలో చెక్కించిపెట్టాడు.

మంచి చెరువుకు పన్నెండు అంగాలు ఉండాలంటుంది ఆ శాసనం. ధర్మం తెలిసిన రాజు, నీటి శాస్త్రం తెలిసిన పండితుడు, గట్టి నేల, తియ్యని నీళ్లు పారే నది, దగ్గర్లో కొండలు, వాటి నడుమ మరీ పొడుగు కాకుండా గట్టి రాతికట్ట, లోతుగా విశాలంగా ఉన్న గర్భం, నిడుపాటి రాళ్లు దొరికే గని, పక్కనే సమంగా ఉన్న సారవంతమైన పొలం, పని తెలిసిన మనుషుల జట్టు. ఇలా సాగుతుంది. ఆరు శతాబ్దాల కిందట రాసింది ఇప్పటి ఇంజనీరు చదివినా తల ఊపుతాడు.

ఆ తర్వాత ఆరు దోషాలు చెబుతుంది. కట్టలోంచి నీరు కారడం, చౌడు నేల, చెరువు నడుమ తాబేటి డిప్పలా మిట్ట ఉండడం, నీరు తక్కువై ఆయకట్టు ఎక్కువ కావడం, నీరు ఎక్కువై ఆయకట్టు తక్కువ కావడం. ఇవి ఐదూ నేలకూ నీటికీ సంబంధించినవి. మిగిలినదానికి నేలతో పని లేదు. చెరువు రెండు రాజ్యాల పొలిమేరలో ఉండడం!

మొదటిసారి ఇది చదివినప్పుడు నాకు ఒళ్లు జలదరించింది. కట్ట కారితే బంకమట్టి వేసి పూడ్చవచ్చు. మిట్ట ఉంటే తవ్విపోయవచ్చు. పొలిమేరకు మందేముంది? కట్ట ఒక రాజు నేల మీద, ఆయకట్టు ఇంకో రాజు నేల మీద ఉంటే తూము ఎత్తేది ఎవరు, పన్ను తీసేది ఎవరు, గండి పడితే మట్టి పోసేది ఎవరు? యుద్ధం వస్తే శత్రువు ముందు నరికేది ఆ కట్టనే. వెయ్యి మంది రెండేళ్లు మోసిన మట్టి ఒక్క రాత్రిలో పోతుంది. అది తెలిసిన మనిషి రాశాడు ఆ మాట. ఎక్కడో ఒక చెరువు అలా పోవడం కళ్లారా చూసినవాడే రాసి ఉంటాడని నా నమ్మకం.

ఇప్పుడు ఆ మాట రాసిన పండితుడు పోరుమామిళ్ల నుంచి ఉత్తరానికి నడిచి కంభం కొండల సందులోకి వచ్చాడని ఊహించండి. గుండ్లకమ్మ రెండు కొండల నడుమ దూరి పోతోంది. కొండకూ కొండకూ మధ్య దూరం కొద్దిగానే ఉంది. వెనక నల్లమల వాననంతా తెచ్చి పోసే విశాలమైన పళ్లెం. ముందు చదునైన పొలం. రాయికి కొదవ లేదు. వేళ్లు మడిచి లెక్కపెట్టుకుంటాడు. అంగాలన్నీ ఉన్నాయి. అక్కడి కాపును అడుగుతాడు:

"ఏమయ్యా, ఈ ఊరు ఎవరి ఏలుబడి?"

"ఈ ఏడు ఎవురో చెప్పగలను సామీ. వచ్చే ఏడు సంగతి నన్ను అడగబాకండి."

పండితుడు తాళపత్రం మూసి వెళ్లిపోతాడు.

* * *

ఆ కాపు భయం ఊరికే పోలేదు. తూర్పున కటకం నుంచి కపిలేశ్వర గజపతి దండెత్తి వచ్చాడు. 1454లో కొండవీడు ఆయన చేతికి పోయింది. ఆ వెనక కొద్ది ఏళ్లకే ఉదయగిరి పోయింది. విజయనగరం తరఫున సాళువ నరసింహుడు వచ్చి ఉదయగిరిని తిరిగి పట్టుకున్నాడు. కపిలేశ్వరుడి కొడుకు పురుషోత్తమ గజపతి మళ్లీ దాన్ని లాక్కున్నాడు. నరసింహుడు 1491లో చనిపోతూ, చేజారిన కోటల్లో ఉదయగిరిని ఎలాగైనా తెచ్చుకోవాలని వెనకవాళ్లకు చెప్పి పోయాడని న్యూనిజ్ రాశాడు. చావు పక్క మీద మనిషికి గుర్తొచ్చేంత కోట అది.

ఆ ఏళ్లలో ఈ చుట్టుపక్కల ఒక పల్లె. కళ్లంలో జొన్నలు రాశి పోసి ఉన్నాయి. పొద్దున ఒక దండు వచ్చి రాజభాగం కొలుచుకుపోయింది. పొద్దు గూకేవేళకు ఇంకో దండు దిగింది.

"కొలిచి ఇచ్చాం గదయ్యా!" అన్నాడు ఊరి పెద్ద.

"ఇచ్చింది ఎవరికి? ఈ నేల మాది. మా భాగం మాకు కొలవండి."

ఊరి పెద్ద మాట్లాడలేదు. ఇంట్లో ముసలమ్మ విత్తనాల గాదె మీద గోనె కప్పి, దాని మీద తాను పడుకుంది. లేవమంటే లేవలేదు. ఆ రాత్రి ఆమెను లేపారో లేదో ఊహించే ధైర్యం నాకు లేదు. మనం ఇవాళ ఈ నేల మీద ఉన్నామంటే ఎన్నో ఇళ్లలో అలాంటి ముసలమ్మలు విత్తనం కాపాడబట్టేనని మాత్రం చెప్పగలను.

ఇలాంటి నేల లోకంలో మనది ఒక్కటే కాదు. బ్రిటన్ దీవి పడమటి కొసన వేల్స్ ఉంది. దాని ఉత్తర భాగంలో కాన్వీ, డీ అనే రెండు నదుల నడుమ నాలుగు సీమలు. అటు గ్వినెడ్ రాజులకు, ఇటు ఇంగ్లండు రాజులకు అదే వాకిలి. 1247లో వుడ్‌స్టాక్ ఒప్పందంతో ఆ సీమలను ఇంగ్లండు రాజు తీసుకున్నాడు. 1256లో లెవెలిన్ అనే వేల్స్ పాలకుడు తిరిగి గెలుచుకున్నాడు. 1277లో ఎడ్వర్డ్ రాజు సైన్యంతో వచ్చి మళ్లీ లాగేసుకున్నాడు. ముప్పై ఏళ్లలో మూడు చేతులు మారింది. తన పట్టు చూపించడానికి ఎడ్వర్డ్ ఆ నేల మీద ఫ్లింట్ కోట, రుడ్లాన్ కోట కట్టించాడు. వాటి గోడలు ఇవాళ్టికీ నిలిచే ఉన్నాయి. మా లోయలో అంతకన్నా మేలైనదొకటి నిలిచింది. దాని దగ్గరికే వస్తున్నాను.

* * *

1509లో కృష్ణదేవరాయలు పట్టమెక్కాడు. 1513 మొదట్లో ఉదయగిరి చుట్టూ దండు దిగింది. సాళువ తిమ్మరసు వెంట ఉన్నాడు. మొదట్లో చెప్పిన ఆ మామా అల్లుళ్లు, వాళ్లలాంటి వందల మంది, కొండను తొలుస్తూ పోయారు. 1514 జూన్ 9 నాటికి కోట రాయల వశమైంది. కోటలో అప్పటి గజపతి రాజు ప్రతాపరుద్రుడికి బంధువైన తిరుమల రాహుత్తరాయడు పట్టుబడ్డాడు. జులై 6న రాయలు ఇద్దరు దేవేరులతో తిరుమల కొండ మీద ఉన్నాడు. మొక్కు చెల్లించుకున్నాడు.

ఉదయగిరి వదిలి పోతూ పోతూ అక్కడి గుడిలోని బాలకృష్ణుణ్ని తీసుకుపోయాడు. ఆ విగ్రహం కోసం హంపీలో ప్రత్యేకంగా కృష్ణాలయం కట్టించి 1515 ఫిబ్రవరిలో ప్రతిష్ఠ చేయించాడు. ఇప్పుడు ఆ విగ్రహం చెన్నై ప్రభుత్వ మ్యూజియంలో ఉంది. రాయల భక్తి మీద నాకు గౌరవం ఉంది. అయినా ఉదయగిరిలో ఆ బాలుడికి రోజూ వెన్న పెట్టిన చేతులు కొన్ని ఉండి ఉంటాయి గదా. బండి కదులుతుంటే వాళ్లు ఎంత దూరం వెంట నడిచారో?

ఉదయగిరి పడ్డాక గోడ కూలినట్టే అయింది. అద్దంకి, వినుకొండ, బెల్లంకొండ, నాగార్జునకొండ, తంగెడ, కేతవరం వరసగా లొంగాయి. 1515 జూన్ 23న కొండవీడు పడింది. గజపతి కొడుకు వీరభద్రుడు అక్కడ పట్టుబడ్డాడు. రాయలు ఆగలేదు. కృష్ణ దాటి, గోదావరి దాటి సింహాచలం దాకా వెళ్లాడు. చివరికి ప్రతాపరుద్రుడు సంధికి వచ్చాడు. కూతురిని రాయలకు ఇచ్చి పెళ్లి చేశాడు. కృష్ణకు ఉత్తరాన గెలిచిన నేలంతా రాయలు మామగారికి తిరిగి ఇచ్చేశాడు.

యుద్ధ చరిత్రలు ఈ చివరి మాటను ఒక్క వాక్యంలో దాటేస్తాయి. మా లోయకు మాత్రం అదే ముఖ్యం. ఆ సంధితో పొలిమేర కృష్ణానదికి జరిగింది. గుండ్లకమ్మ రాజ్యం లోపలికి వచ్చింది. పోరుమామిళ్ల పండితుడు చెప్పిన పొలిమేర దోషం కంభం సందుకు తొలగిపోయింది.

* * *

కంభం చెరువు కట్టించింది కృష్ణదేవరాయల రాణి వరదరాజమ్మ అని ఇక్కడ చిన్నపిల్లలు కూడా చెబుతారు. గజపతి కూతురే ఆమె అని కొందరంటారు. గజపతి కూతురు తుక్కాదేవి రాయల ఆదరణ దక్కక కంభంలో ఒంటరిగా బతికిందనీ, సంస్కృతంలో తుక్కా పంచకం అనే ఐదు శ్లోకాలు ఆమె రాసినవేననీ ఇంకో కథ ఉంది. ఇవన్నీ నోటి మాటగా వచ్చినవి, ఒకదానిలో ఒకటి కలిసిపోయినవి. రెండు సింహాసనాల నడుమ సంధికి గుర్తుగా వచ్చిన ఒక ఆడబిడ్డ, ఆ రెండు సింహాసనాలూ తగవు పడిన నేల మీదే చెరువు కట్టించిందని జనం ఐదు వందల ఏళ్లుగా చెప్పుకుంటున్నారు. వాళ్లు ఎందుకు అలా చెప్పుకున్నారో నాకు అర్థమవుతుంది.

రాయలు ఆముక్తమాల్యదలో రాజనీతి చెబుతూ, దేశం చిన్నదైనా సరే కుంటలు, కాలువలు తవ్వించి, పేద రైతుకు పన్నులోనూ కోరులోనూ వెసులుబాటు ఇస్తే ధర్మమూ ధనమూ రెండూ పెరుగుతాయన్నాడు. దండయాత్రలు చేసి ఈ నేలంతా కళ్లారా చూసిన మనిషి ఆ మాట అన్నాడు.

ఇప్పుడు ఆ సందులోకి మళ్లీ వెళదాం. ఉదయగిరిలో సమ్మెట పట్టిన అల్లుడికి తల నెరిసింది. కొడుకులతో, కోడళ్లతో కంభం వచ్చాడు. కొండ మొదట్లోనే గుడిసెలు. తెల్లవారక ముందే మొదలయ్యే పని. ఆడవాళ్లు తట్టల్లో ఎర్రమట్టి మోసుకొచ్చి వరసగా పోస్తారు. నీళ్లు చల్లుతారు. దాని మీద మనుషులు, పశువులు తొక్కుతారు. తొక్కిన మట్టి మీద మళ్లీ మట్టి. ఒక జానెడు లేవడానికి ఎంత తొక్కాలో చెప్పలేం. నీళ్ల వైపు వాలులో పెద్ద బండలు ఒకదానికొకటి కరుచుకునేలా పేరుస్తారు. సున్నం లేదు. రాయి ఎటు కూర్చోవాలో రాయినే అడగాలి.

"నాయనా, ఇది ఎన్నాళ్లుంటది?" అన్నాడు చిన్న కొడుకు.

"బాగా తొక్కితే నీ మనవల మనవలు చూస్తారు."

"కోట మాదిరి ఎవురైనా వచ్చి పడగొడితే?"

పెద్దాయన ఒక బండను పలుగుతో కదిపి సరిచేశాడు. "పడగొట్టినోడికి కూడా దప్పికయిద్ది గదరా" అన్నాడు.

కట్ట లేచింది. దాని ఎత్తు 57 అడుగులు. నల్లమలలో సుమారు 430 చదరపు మైళ్ల వాన వచ్చి దాని ముందు నిలుస్తుంది. నిండినప్పుడు చెరువు పరుపు 15 చదరపు మైళ్లకు దగ్గర. ఆంగ్లేయుల కాలంలో దాని కింద పది వేల ఎకరాలకు పైగా పారేదని గెజిటీర్లలో ఉంది. అంత నీటిని ఆపుతున్నది పొడవాటి గోడ కాదు. రెండు కొండల నడుమ ఉన్న చిన్న సందుకు వేసిన మట్టి కట్ట. కొండలే చెరువుకు ఒడి పట్టాయి. ఎక్కడ తక్కువ మట్టితో ఎక్కువ నీరు ఆగుతుందో కనిపెట్టడమే పని తెలిసినతనం. ఆ కట్ట మీద నిలబడితే ఒక వైపు కంటికి అందనంత నీరు, ఇంకో వైపు దిగువన పచ్చని మడి కనిపిస్తాయి. మధ్యలో ఐదు వందల ఏళ్ల కిందట ఆడవాళ్లు తట్టల్లో మోసిన మట్టి.

రాజ్యాలు మళ్లీ మారాయి. 1565లో విజయనగరం కూలింది. గోల్కొండ, మొఘలులు, కడప నవాబులు, నిజాం వచ్చారు. 1800లో నిజాం కంభం సీమను ఆంగ్లేయుల కుంఫిణీ చేతిలో పెట్టాడు. ఉదయగిరి కోట పాడుబడింది. అద్దంకి కోటదీ అదే గతి. కంభం కట్టను మాత్రం ఎవరూ తెంచలేదు. అటువైపువాడికీ అదే అన్నం పెట్టింది కాబట్టి. 2020లో అంతర్జాతీయ నీటిపారుదల కమిషన్ కంభం చెరువును ప్రపంచ వారసత్వ సాగునీటి కట్టడాల్లో చేర్చింది. అదే ఏడు పోరుమామిళ్ల చెరువు కూడా ఆ జాబితాకెక్కింది. దోషం రాసిన ఊరికీ, దోషం తీరాక లేచిన కట్టకీ ఒకేసారి గుర్తింపు వచ్చిందన్నమాట.

* * *

ఆంగ్లేయులు పోయాక కూడా మా సీమ ముక్కలుగానే ఉండింది. కనిగిరి నెల్లూరు జిల్లాలో, మార్కాపురం, కంభం, గిద్దలూరు కర్నూలు జిల్లాలో, అద్దంకి గుంటూరు జిల్లాలో ఉండేవి. 1970 ఫిబ్రవరి 2న ఒంగోలు జిల్లా పుట్టాకే గుండ్లకమ్మ వాళ్లంతా ఒక గూటికి చేరారు. 1972లో దానికి ప్రకాశం పంతులు పేరు పెట్టారు. మూడు జిల్లాల చివరన పడి ఉన్న తాలూకాలకు అప్పటిదాకా ఏ జిల్లా కేంద్రం నుంచీ నీటి మాట సరిగా వినపడలేదు. కనిగిరి చుట్టుపక్కల బోరు నీళ్లలో ఫ్లోరైడు ఎముకలు వంచేసింది. యువకులు నడివయసు రాకముందే కర్ర పట్టుకున్నారు. ఆ నడుములు చూసినవాళ్లెవరూ నీటి కథను పాత కథ అనుకోలేరు.

ఆ బాధ తీర్చడానికే వెలిగొండ ప్రాజెక్టు. 1996లో శంకుస్థాపన జరిగింది. పోరాట నాయకుడు పూల సుబ్బయ్య పేరు దానికి పెట్టారు. శ్రీశైలం జలాశయం నుంచి కృష్ణ నీటిని నల్లమల కిందుగా 18 కిలోమీటర్లకు పైగా పొడవున్న రెండు సొరంగాల్లో తెచ్చి, సుంకేసుల, గొట్టిపడియ, కాకర్ల దగ్గర కొండల సందులకు కట్టలు వేసి నిలపాలన్నది పథకం. గమనించారా? కంభంలో చేసిన పనే. కొండల సందు మూసి నీటిని ఆపడం. 43.5 టీఎంసీల నీటితో ప్రకాశం, నెల్లూరు, కడప జిల్లాల్లో 4.47 లక్షల ఎకరాలకు సాగునీరు, 15 లక్షల మందికి తాగునీరు ఇవ్వాలని లెక్క. 2024 మార్చిలో రెండు సొరంగాలూ పూర్తయినట్టు ప్రకటించారు. నీరు పొలానికి చేరడానికి కాలువలు, ఊళ్లు వదిలి పోవాల్సిన నిర్వాసితులకు పునరావాసం మిగిలాయి.

ఇంకొకటి కూడా మిగిలింది. 2014లో తెలుగు నేల రెండు రాష్ట్రాలైంది. శ్రీశైలం జలాశయం రెండింటికీ పొలిమేర అయింది. వెలిగొండకు కృష్ణ నీరు వాడుకోవడం మీద తెలంగాణ అభ్యంతరం చెప్పింది. కృష్ణ నీటి పంపకం ట్రిబ్యునల్ ముందు ఉంది. 1369లో పోరుమామిళ్ల రాతి మీద చెక్కిన పొలిమేర దోషం మా నీటికి మళ్లీ పట్టుకుంది. ఈసారి అవతలా ఇవతలా ఉన్నది తెలుగువాళ్లమే. పాలమూరు రైతు దాహమూ దాహమే, హనుమంతునిపాడు రైతు దాహమూ దాహమే. నీళ్లెన్ని ఉన్నాయో, ఎవరికి ఎన్ని ఇవ్వాలో తేల్చే పని రెండు ప్రభుత్వాలూ కూర్చుని చేయాలి. ఎన్నికల సభల్లో ఒకరినొకరు తిట్టుకుంటే తేలేది కాదది.

చదువుతున్న మీకు ఒక మాట. ఈసారి వానలు పడ్డాక పిల్లలను తీసుకుని కంభం కట్ట మీదికి వెళ్లండి. ఉదయగిరి కొండ కూడా ఎక్కించండి. పోరుమామిళ్ల శాసనం చూపించండి. ఆ తర్వాత మీ ఊరికి వచ్చే ఎమ్మెల్యేని, ఎంపీని ఆపి మూడు మాటలు అడగండి. కంభం చెరువులో పూడిక ఎప్పుడు తీస్తారు? వెలిగొండ నిర్వాసితులకు పూర్తి పరిహారం ఎప్పుడిస్తారు? కాలువల్లోకి నీళ్లు ఏ నెలలో వదులుతారు? తేదీ చెప్పేదాకా అడగండి.